ఇంటర్వెల్లు తరువాత కట్టిన వంతెన

అపవాదు లేని అభ్యర్థికి ఓటు వేయకండి!

ఇది నేను తొందరపడి అంటున్న మాట కాదు. ఈ అరవై రెండో సంవత్సరపు ఎన్నికలు ముగిసి ఆరు నెలలైన మీదట, సావకాశంగా ఆలోచించి, దేశక్షేమం కోరి అంటున్న మాట. అపవాదును మించిన ఆభరణం నాయకుడికి లేదు. దండ సాయంత్రానికి వాడిపోతుంది. అపవాదు వాడదు!

అపవాదు వల్ల నాయకులు నశిస్తారని లోకంలో ఒక మూఢనమ్మకం ఉన్నది. దానికి బాధ్యులు సినిమావారు. మొన్న మా ప్రాంతానికి వచ్చిన ఒక రాజకీయ చిత్రాన్నే తీసుకోండి. దాని పేరు చెప్పను. నిర్మాతగారికి ఉచితంగా ప్రచారం చేసే ఉద్దేశం నాకు లేదు. అందులో ఒక ఉత్తముడు పడవ గుర్తు మీద ఎన్నికవుతాడు. ఇంటర్వెల్లు కాగానే ఏటిమీద బ్రహ్మాండమైన వంతెన కట్టిస్తాడు. దానిమీద నడుస్తూ ఒక పాట కూడా పాడతాడు. అంతా బాగానే ఉన్నదనుకునే వేళకు, పూర్వాశ్రమంలో ఆయన ఒక నాట్యకత్తెకు రాసిన ఉత్తరం ప్రత్యర్థికి చిక్కుతుంది. దానిని నిండుసభలో మైకు ముందు చదువుతారు. ‘ప్రియా’ అన్న సంబోధనకే సభ అట్టుడికిపోతుంది. సంతకం దగ్గరకు వచ్చేసరికి డిపాజిట్టు గల్లంతు! చివరి రీలులో ఆ మహానుభావుడు వానలో గొడుగైనా లేకుండా ఊరు విడిచి వెళ్ళిపోతాడు.

ఎంత అసత్యం! ఒక్క ఉత్తరానికే నాయకులు కూలిపోయేటట్లయితే, శాసనసభలో కుర్చీలు తుడిచే జవాను తప్ప ఎవరు మిగులుతారు?

సత్యం ఏమిటో మా నియోజకవర్గానికి వచ్చి చూడండి.

మా ప్రతినిధి శ్రీయుత పద్మనాభయ్యగారు. కొడవలూరు వైపు మాగాణి ఉన్న మనిషి. యాభై ఐదులో వచ్చిన మధ్యంతర ఎన్నికలలో పడవ గుర్తు మీదనే గెలిచారు. ఆయనలో ఒకే ఒక లోపం ఉండేది: మచ్చ లేకపోవటం. పొగ లేదు, పేకాట లేదు. పరస్త్రీ సంగతి అటుంచి, ధర్మపత్ని వెంకటశేషమ్మగారికైనా ఆయన ఉత్తరం రాసిన పాపాన పోలేదు. ఫలితమేమిటి? ఏడేళ్ళు ప్రజాసేవ చేసినా ఆయన ముఖం ప్రజలకు తెలియలేదు. ఒకసారి ఆయన సభకు ఆయననే వాలంటీర్లు లోపలికి పోనివ్వలేదట! అంతటి దుర్భరమైన శీలం ఆయనది.

ఆ ఏడేళ్ళలో ఆయన చేసిన వాగ్దానం ఒక్కటి మాత్రం కొందరికి జ్ఞాపకం ఉన్నది. అది గవ్వలకుప్పం వంతెన.

గవ్వలకుప్పం చేపలు పట్టి బతికేవారి ఊరు. ముందు సముద్రం, వెనుక ఉప్పుకాలువ, నడుమ ఇసుకదిబ్బ మీద గుడిసెలు. ఉప్పుకాలువకు వంతెన లేదు. పోటు లేనప్పుడు నడుములోతు, పోటు వచ్చిందంటే నిలువులోతు. మా వీధిలో చేపలమ్మే చెంచమ్మది ఆ ఊరే. నెత్తిన గంపతో రోజూ ఆ నీళ్ళలో నుంచే వస్తుంది. మూడేళ్ళ కిందట ఆమె కూతురు నాగులమ్మకు నొప్పులూ, కాలువకు పోటూ ఒక్కసారే వచ్చాయి. తెప్ప కట్టి ఈవలి గట్టుకు చేర్చేసరికి ఆలస్యమైంది. బిడ్డ దక్కలేదు. ఈ ఎన్నికలనాటికి నాగులమ్మ మళ్ళీ కడుపుతో ఉన్నది. కనుక ఆ కుప్పంలో మనబోటి చదువరులు చర్చించే విదేశాంగ విధానం మొదలైన గంభీర విషయాలేవీ లేవు. వంతెన ఎప్పుడు కడతారన్నదే వారి రాజకీయం.

యాభై ఐదులో పద్మనాభయ్యగారు ఆ వాగ్దానాన్ని కాలువకు ఈవలి గట్టున నిలబడి మైకులో చేశారు. ఆవలికి వెళ్ళలేదు. ఎలా వెళతారు? వంతెన లేదు కదా!

ఇక ప్రత్యర్థి రంగనాయకులుగారు. కావలిలో రైసుమిల్లు, త్రాసు గుర్తు. ప్రత్యర్థి మీద వేయటానికి ఒక అపవాదు కోసం ఆయన జిల్లా అంతా గాలించారు. దొరకలేదు. అప్పుడాయన ఏ రాజనీతి గ్రంథంలోనూ లేని ఉపాయం చేశారు. అపవాదును అద్దెకు తెచ్చారు! పైన చెప్పిన చిత్రంలోని నాయకుడిదీ పడవ గుర్తే కదా? ఒక టూరింగు టాకీసును మాట్లాడి, తెర, డైనమో, ప్రొజెక్టరు, రీళ్ళ పెట్టెలు, గేటు దగ్గర టిక్కెట్టు చింపే మనిషితో సహా, రెండు తెప్పలు జతకట్టి కాలువ దాటించారు. పడవవారి బండారం చూసి కుప్పం మండిపడుతుందని ఆయన ఊహ.

పాఠకులు ఇక్కడ ఒక్క క్షణం ఆగి నమస్కరించాలి. ఏడేళ్ళలో ఆ కాలువ దాటి వచ్చిన మొదటి ప్రజాసేవ అపవాదే!

దీపాలు పెట్టే వేళకు ఆట మొదలైంది. కుప్పంలో పద్మనాభయ్యగారిని ఎవరూ చూసి ఎరుగరు. పడవ గుర్తాయన ఎట్లా ఉంటాడో తెరమీదనే మొదటిసారి చూశారు. చామనచాయ, ఉంగరాల జుట్టు, గంభీరమైన గొంతు. ఇంటర్వెల్లు కాగానే వంతెన వచ్చింది. చెంచమ్మ పెనిమిటి పోలేరయ్య ఇసుకలో లేచి నిలబడ్డాడట.

‘‘వంతెన కట్టేసినాడు రోయ్! అబ్బ, ఎంత పొడుగుండాదో చూడండి! మన కాలవకి ఇందులో సగం చాలు గదా!’’

‘‘కూసోవయ్యా, వంతెన కనపళ్ళా!’’ అని వెనుకనుంచి కేకలు.

కడపట ఉత్తరం చదివే ఘట్టం వచ్చింది. రంగనాయకులుగారి మనుషులు గుడారం అంచున నిలబడి, జనం ఎప్పుడు ఛీ కొడతారా అని చెవులు రిక్కించారు. ఛీ వినబడలేదు. చెంచమ్మ గొంతు వినబడింది.

‘‘రాస్తే రాసినాడు పో! వంతెన కట్టినోడు ఎవురికి ఉత్తరం రాసుకుంటే మనకేంది? ఇదుగో, ఈ మొగుడు నాకు వంతెనా కట్టలా, ఉత్తరమూ రాయలా!’’

ఈ సినిమా సంగతి పద్మనాభయ్యగారి చెవిన పడింది. ఆయన మండిపడ్డారు. అధికారులకు ఫిర్యాదు పంపారు. అయితే సినిమా అన్న నీచపదాన్ని తన కలంతో రాయటం ఇష్టం లేక, ‘గవ్వలకుప్పమున పడవ గుర్తు అభ్యర్థిపై అపప్రథ వ్యాపించుచున్నది, విచారింప ప్రార్థన’ అని మాత్రం రాశారు.

విచారణకు వచ్చినవారు కామాక్షయ్యగారు. నిప్పులాంటి అధికారి. జన్మలో సినిమా చూడలేదు. ఇంగ్లీషు ముక్క దొర్లకుండా తెలుగులో నివేదికలు రాస్తారని వారికి పేరు. కాలువను పోలేరయ్య తెప్పమీద దాటారు. నీళ్ళంటే భయం కాబట్టి కళ్ళు రెండూ గట్టిగా మూసుకొని దాటారు. అందువల్ల అక్కడ వంతెన ఉన్నదో లేదో వారు చూడలేదు. చూడవలసిన అవసరమూ లేదు. వారిని పంపినది అపవాదును విచారించటానికి గాని వంతెనను విచారించటానికి కాదు!

ఒడ్డున పంట్లాం పిండుకొని, తెప్ప తోసినవాడినే మొదటి సాక్షిగా నిలబెట్టారు. నిష్పక్షపాతం కోసం అభ్యర్థి పేరు ఉచ్చరించరాదు కనుక గుర్తుతోనే అడిగారు.

‘‘పడవ గుర్తు అభ్యర్థి మీకు చేసినదేమి?’’

‘‘వంతెన కట్టినాడు సార్. నేను కళ్ళారా చూసినా.’’

‘‘ఎప్పుడు కట్టినాడు?’’

‘‘ఇంటర్వెల్లు అయినెంటనే సార్.’’

కామాక్షయ్యగారి కలం ఆగింది. ఇంటర్వెల్లు! వారి నివేదికలో ఈ మ్లేచ్ఛపదమా? వారు కొంతసేపు ఆకాశం వంక చూసి, ‘మధ్యంతరానంతరము’ అని రాశారు.

‘‘ఎంత కాలం పట్టింది?’’

‘‘ఎంతో పట్టలా సార్. పాట ఐపొయ్యే లోపల కట్టేసినాడు.’’

‘అతిశీఘ్రముగా’ అని రాశారు.

‘‘నువ్వు దానిమీద నడిచినావా?’’

‘‘నన్నెవురు నడవనిస్తారు సార్? ఆ సామే నడిచినాడు, దండలేసుకోని.’’

‘అభ్యర్థి స్వయముగా నడిచి ప్రారంభోత్సవము గావించెను.’

‘‘తరువాత ఏమైనది?’’

‘‘తరవాత ఆటలాడే ఆమెకి ఉత్తరం రాసినట్టు బయట పడింది సార్. పాపం, మంచోడే.’’

‘నాట్యకత్తెకు ఉత్తరము వ్రాయుట వాస్తవము.’ కింద పోలేరయ్య వేలిముద్ర.

నివేదిక నకలు పద్మనాభయ్యగారికి చేరింది. మొదటి పేరాలో వంతెన. ‘మధ్యంతరానంతరము’ అంటే ఎవరైనా ఏమనుకుంటారు? యాభై ఐదు మధ్యంతర ఎన్నికల తరువాత అనేగా! అంటే ఆయన హయాములోనే! రెండో పేరాలో నాట్యకత్తె. ఒకదానిని ఒప్పుకొని రెండోదానిని కాదనటానికి వీలులేదు. సాక్షి ఒకడే, వేలిముద్ర ఒకటే. శీలం కావాలంటే వంతెన వదులుకోవాలి. వంతెన కావాలంటే నాట్యకత్తెను భరించాలి.

పద్మనాభయ్యగారు ఒక పూట ఆలోచించి, మహాత్యాగం చేశారు. శీలాన్ని ప్రజలకు అర్పించారు. ఫిర్యాదు వెనక్కు తీసుకొని ‘పడవ కట్టిన వంతెన! ప్రభుత్వ రికార్డే సాక్షి!’ అని కరపత్రాలు వేయించారు. కాలువ ముఖం చూడని మెట్ట గ్రామాలన్నీ నమ్మాయి. ఎందుకు నమ్మవు? వంతెన ఒక్కటే ఉంటే అనుమానించేవారేమో; నాట్యకత్తె కూడా ఉన్నది కనుక నిజమే అయి ఉంటుందని నిశ్చయించారు!

ఇక చూడండి అపవాదు వైభవం! ఏడేళ్ళు ఎవరి కంటికీ ఆనని మనిషి బజారులో నడిస్తే కాఫీహోటలు ఖాళీ అయి వీధిలోకి వచ్చింది. ‘‘అదుగో, ఉత్తరం రాసినాయన!’’ కుర్రకారు ఆయనలాగా పాపిడి తీయటం నేర్చారు. ఆయనకు ఉన్నది బట్టతల కావటం వల్ల ఇది కొంత కష్టమైన పని. ఉత్తరంలోని భాషా సౌందర్యం గురించి, ఉత్తరమే చూడని ఇద్దరు ఉపాధ్యాయులు వాదించుకొని మాటలు మానేశారు. వెంకటశేషమ్మగారు మాత్రం ‘‘నాకు రాయని జాబు ఎవతెకు రాసినారు?’’ అని పుట్టింటికి వెళ్ళిపోయారు. ఆమెను రప్పించటానికి ఆయన జన్మలో మొదటిసారి కలం పట్టి, ప్రేమపూర్వకంగా నాలుగు పుటలు రాశారు. అపవాదు కాపురాలు కూలుస్తుందన్నవారెవరు?

ఆయన భారీ మెజారిటీతో గెలిచారు. ఓడిపోయిన రంగనాయకులుగారు జ్ఞానోదయం పొంది, వచ్చే ఎన్నికల నాటికి తనకూ ఒక అపవాదు ఉండాలని, ఒక నాటక సమాజానికి అధ్యక్షులుగా చేరారు. పాపం, ఇంతవరకు ఏమీ రాలేదు.

కనుక అపవాదు వర్ధిల్లుగాక అని ముగించవలసిన వ్యాసం ఇది. ఒక చిన్న చిక్కు వచ్చి ఆగాను.

కుప్పంవారికి సినిమా వంతెన వేరని, ఎన్నికల వంతెన వేరని తరువాత తెలిసింది. అప్పుడు వంతెన కోసం అర్జీ పెట్టుకున్నారు. రాసింది నేనే. నిన్న దానికి జవాబు వచ్చింది: ‘సదరు కాలువపై మధ్యంతరానంతరము వంతెన నిర్మింపబడినట్లు రికార్డు వలన తెలియుచున్నది. కావున నూతన వంతెనకు అవకాశము లేదు. ఉన్న వంతెనయందు లోపములున్నచో వివరింపవలెను.’

నాకొక సందేహం కలిగింది. నాట్యకత్తెకు ఉత్తరం రాసినందుకు ఓడిపోయిన అభ్యర్థి కథను చిత్రంగా తీశారు. కన్నీళ్ళు పెట్టుకొని చూశాం. కట్టని వంతెనకు ఓడిపోయిన అభ్యర్థి కథను ఎవరూ తీయలేదేం? వెదికాను. అటువంటి కథ దొరకలేదు. అటువంటి అభ్యర్థే దొరకలేదు! బహిరంగసభలో ఉత్తరాన్ని చదివారు గాని, నాగులమ్మ బిడ్డ సంగతి ఏ మైకులోనూ ఎవరూ చదవలేదు. అది అపవాదు కాదట. అది మామూలట!

జవాబును చెంచమ్మకు చదివి వినిపించాను. గంప దించి మా అరుగు మీద కూర్చున్నది. కట్టుకున్న చీర ఇంకా తడిగానే ఉన్నది. లోపం అంటే ఏమిటని అడిగింది. చెప్పాను. కోపగించుకుంటుందనుకున్నాను. కొంగు పిండుకుంటూ తాపీగా ఆలోచించింది.

‘‘రాయండి అయ్యోరా. వంతెన బాగానే ఉండాది, దొరల్ని ఏమీ అనబన్లేదు. దానిమీద నడస్తా ఉంటే గొంతుదాకా నీళ్ళొస్తా ఉండాయి, అంతే లోపం. మా నాగులమ్మకి నెలలు నిండినాయి. వచ్చే అమాసకి పోటు నెత్తిమీదికొస్తాది. ఆ లోపల వాళ్ళ వంతెనని ఒక్క రవ్వ పైకెత్తి పెట్టమని రాయండి.’’